వడ్లు కొనే సొసైటీ లెక్క చెప్పాలి

సంపాదకులకు నమస్కారం.

పోయిన యాసంగిలో మా ఊరి సహకార సంఘం పెట్టిన కొనుగోలు కేంద్రంలో వడ్లు అమ్మాను. తేమ మిషన్ 16 శాతం చూపింది. 17 దాకా తీసుకుంటామని అక్కడ కట్టిన ఫ్లెక్సీ మీదే రాసి ఉంది. అయినా 40 కిలోల బస్తాకు రెండు కిలోలు తరుగు తీశారు. ఎందుకని అడిగితే, మిల్లరు దించుకోవడం లేదన్నారు. నావి 200 బస్తాలు. అంటే నాలుగు క్వింటాళ్లు పోయాయి. చేతికిచ్చిన చిట్టీలో బస్తాల లెక్క ఉంది గానీ తరుగు మాట ఎక్కడా లేదు.

తరుగు రాసిన రిజిస్టరు నకలు ఇవ్వమని సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెడితే, మాది ప్రభుత్వ సంస్థ కాదంటూ ఒక్క లైనులో జవాబొచ్చింది. హైకోర్టులో రిట్ (ప్రజాబాధ్యత తప్పినవారిని ఆదేశించమని కోరే పిటిషన్) వేద్దామంటే, సొసైటీ మీద రిట్ నిలబడదేమోనని లాయరు సందేహపడ్డారు.

సొసైటీ సభ్యులదే, నేను కాదనను. మా నాన్న వాటాధనం కట్టి సభ్యుడయ్యాడు, ఆయన తర్వాత నేను. ప్రతి చిన్న విషయంలో సర్కారు తలదూర్చాలనీ నేను కోరుకోను. కానీ మద్దతు ధరకు వడ్లు కొనడం సొసైటీ సొంత వ్యాపారం కాదు కదా! డబ్బు పౌరసరఫరాల సంస్థ నుంచి వస్తుంది, నిబంధనలు ప్రభుత్వానివి. రైతు పాస్‌బుక్కు పట్టుకుని వచ్చేది సర్కారు కొంటోందన్న నమ్మకంతోనే.

కోర్టులు కూడా ఈ తలుపు పూర్తిగా మూయలేదు. అమలాపురంలోని శ్రీ కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో 1990 నాటి ఉమ్మడి హైకోర్టు ఫుల్ బెంచ్ తీర్పు ఉంది. సహకార సంఘం అయినంత మాత్రాన అది ప్రభుత్వంలో భాగం కాదని చెబుతూనే, చట్టం అప్పగించిన ప్రజాబాధ్యతను తప్పితే రిట్ వేయవచ్చని అందులో తేల్చారు. సంఘం సొంతంగా రాసుకున్న నియమాలను, అంటే బైలాలను మీరడం వేరు, చట్టాన్ని మీరడం వేరు. తరుగు ఏ కోవలోకి వస్తుందో ఒక కోర్టు విని తేల్చాలి. దానికి ముందు రైతు చేతిలో కాగితం ఉండాలి.

ఆ కాగితం కోసం సుప్రీంకోర్టు 2013లో కేరళ తలప్పాళం బ్యాంకు కేసులో ఒక దారి చూపింది. ప్రభుత్వ పర్యవేక్షణ ఉన్నంత మాత్రాన సొసైటీకి సమాచార హక్కు చట్టం వర్తించదని ఆ తీర్పు చెప్పిన మాట నిజమే. అయితే సొసైటీలను పర్యవేక్షించే ప్రభుత్వ అధికారి అయిన సహకార రిజిస్ట్రారుకు వర్తిస్తుందని, చట్టప్రకారం ఆయన తెప్పించుకోగలిగిన సమాచారం అడిగినవారికి ఇవ్వాలని కూడా అదే తీర్పులో ఉంది. మొదటి సగం చూపించి రైతును తిప్పి పంపుతున్నారు, రెండో సగం ఎవరూ చెప్పడం లేదు.

1964 సహకార చట్టం 51వ సెక్షన్ కింద విచారణ కోరవచ్చంటారు. సభ్యుల వైపు నుంచి అడగాలంటే ఐదో వంతు మంది కావాలి. వెయ్యి మంది ఉన్న సొసైటీలో 200 సంతకాలు. రేపు యూరియాకు, పంట రుణానికి అదే కౌంటరు ముందు నిలబడాల్సిన రైతు సంతకం పెట్టడానికి జంకుతాడు. నేను అడిగిన వాళ్లలో సగం మంది "మాకెందుకు టెన్షన్" అన్నారు. వాళ్లను తప్పు పట్టలేను.

బహుళరాష్ట్ర సహకార సంఘాల్లో సమాచార అధికారి ఉండాలని 2023లో కేంద్రం చట్టం సవరించింది. మన ఊరి సొసైటీలకూ అలాంటి నిబంధన రాష్ట్రం తేవాలి. అంతకన్నా ముందు, వానాకాలం కోతలు మొదలయ్యేలోపు, తేమ శాతం, తరుగు కిలోలు రాయని చిట్టీ చెల్లదని ఒక్క ఉత్తర్వు ఇస్తే చాలు. దానికి చట్టం మార్చక్కర్లేదు.

నా చిట్టీ, ఆ ఒక్క లైను జవాబు జతచేసి ఈ వారమే జిల్లా సహకార అధికారికి మళ్లీ దరఖాస్తు పెడుతున్నాను.

– ఒక రైతు, కరీంనగర్ జిల్లా