మా మెట్లెక్కి అసెంబ్లీకి వెళ్లిన ఎమ్మెల్యే గారికి

అయ్యా, నమస్కారం.

మీరు కార్పొరేటర్‌గా ఉన్నప్పుడు పొద్దున్నే మా కొండ ఎక్కేవారు. పై వరుస ఇళ్లకు కుళాయి నీళ్లు ఎక్కడం లేదని మా అమ్మ చెబితే ‘చూస్తాంలే’ అని వెళ్లిపోలేదు. బిందె కింద పెట్టి పావుగంట అక్కడే నిలబడ్డారు. బిందె సగం కూడా నిండలేదు. మర్నాడు వాల్వ్ తిప్పే మనిషి పైదాకా వచ్చాడు.

2019లో ఆ కౌన్సిల్ గడువు అయిపోయింది. 2021 మార్చిలో ఎన్నికలు జరిగేదాకా విజయవాడకు కార్పొరేటర్లే లేరు, ప్రత్యేక అధికారి పాలనే. మధ్యలో కరోనా వచ్చింది. పదవి లేకపోయినా మీ ఫోన్ మాత్రం పలికేది. కొండ కింద కర్రలు అడ్డంగా కట్టేసిన రోజుల్లో మా నాన్నకు షుగర్ మాత్రలు తెచ్చిచ్చింది మీ కుర్రాళ్లే. మేం మీకు ఓటేసింది అందుకే.

2024 ఆగస్టు 31న మొగల్రాజపురంలో కొండచరియలు విరిగిపడి ఇళ్లలో ఉన్నవాళ్లు చనిపోయారు. ఆ వెంటనే బుడమేరు వాగు పొంగి ఊరి మీద పడింది. ప్రకాశం బ్యారేజీ దగ్గర వరద 11 లక్షల క్యూసెక్కులు దాటింది. సింగ్‌నగర్ జనం పడవల్లో బయటికి రావాల్సి వచ్చింది. అందరి చూపూ అటే పోయింది, పోవాల్సిందే. కానీ కొండ మాట మాత్రం వెనక్కి వెళ్లిపోయింది. వాన పడితే మా ఇంట్లో ఇప్పటికీ ఎవరికీ నిద్ర పట్టదు. ఆ టెన్షన్ మీకు చెప్పక్కర్లేదు.

కొండ ఎందుకు జారుతుందో మీకు మాకంటే బాగా తెలుసు. ఇంటికి చోటు కోసం వాలును నిట్టనిలువుగా చెక్కేస్తాం. కాలవ లేక స్నానాల నీళ్లు, వంటింటి నీళ్లు మట్టిలోకే ఇంకుతాయి. మట్టి జారకుండా కట్టిన రిటైనింగ్ గోడకు నీరు బయటికి పోయే రంధ్రాలు వదలకపోతే, వెనక మట్టి నాని గోడనే ముందుకు తోసేస్తుంది. ఇది ఇంజనీరు పుస్తకంలో చదివింది కాదు, మీరే ఒకసారి మా వాకిట్లో కూర్చుని చెప్పారు.

ఎమ్మెల్యేగా మీ మాట కార్పొరేషన్‌లో కూడా చెల్లుతుంది. అక్కడా, బ్యారేజీ దాటి వెలగపూడి అసెంబ్లీలోనూ ఇదే అడగండి. వానలకు ముందే ప్రతి కొండా ఎక్కి ఏ ఇల్లు ప్రమాదంలో ఉందో రాసి, ఆ జాబితా గుమ్మం దగ్గర అతికించాలి. ఖాళీ చేయించాల్సి వస్తే ఊరవతల పడేయొద్దు. మా ఇళ్లలో ఆడవాళ్లు పొద్దున తొమ్మిదికి బీసెంట్ రోడ్డు షాపుల్లో ఉండాలి.

కాళేశ్వరరావు మార్కెట్‌లో కూరగాయలు కొనేవాళ్లలో ఎంతమందికి తెలుసో గానీ, ఆ పేరు ఆంధ్రప్రదేశ్ తొలి స్పీకర్‌ది. ఈ ఊరి మాట అసెంబ్లీలో వినిపించడం కొత్తేమీ కాదు.

ఈసారి ఫ్లెక్సీలూ బైకులూ వద్దు. ఇంజనీరును వెంటబెట్టుకుని నడిచి రండి. మూడో మలుపు దగ్గర గోడ పొట్ట ఉబ్బి ఉంది. ఒక్కసారి చేత్తో తాకి చూడండి.

మీ కొండ మీది ఓటరు,
విజయవాడ