స్టోన్ మౌంటెన్ గురించి జార్జియా గవర్నర్ గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన గవర్నర్ బ్రయన్ కెంప్ గారికి నమస్కారం.

అట్లాంటా చుట్టుపక్కల ఉండే తెలుగువాళ్ళలో స్టోన్ మౌంటెన్ ఎక్కనివాళ్ళు చాలా తక్కువ. ఇండియా నుంచి అమ్మానాన్నలు వస్తే మొదట తీసుకెళ్ళే చోట్లలో అదొకటి. వేసవిలో పిల్లల్ని లేజర్ షోకి తీసుకెళ్తాం, పచ్చికలో దుప్పటి పరిచి పులిహోర తింటాం. ఎదురుగా కొండ ఉత్తరపు గోడ మీద గుర్రాలెక్కిన ముగ్గురు మనుషులు ఉంటారు. మాలో చాలామంది వాళ్ళతో ఫోటో దిగి వచ్చేస్తాం. ఆ ముగ్గురు ఎవరో, వాళ్ళని అక్కడ ఎవరు, ఎప్పుడు, ఎందుకు చెక్కించారో అడగం. అడగాలని, మీతోనూ మాట్లాడాలని ఈ లేఖ రాస్తున్నాను. దీని ఇంగ్లిష్ ప్రతి మీ ఆఫీసుకి పంపుతున్నాను. మావాళ్ళు కూడా చదవాలని తెలుగులో రాశాను.

ముగ్గురూ కాన్ఫెడరసీ నాయకులు, అంటే బానిసత్వాన్ని కాపాడుకోవడానికి అమెరికా నుంచి విడిపోయి 1861 నుంచి 1865 వరకూ అంతర్యుద్ధం చేసిన దక్షిణ రాష్ట్రాల కూటమి నాయకులు: అధ్యక్షుడు జెఫర్సన్ డేవిస్, సేనాధిపతులు రాబర్ట్ లీ, స్టోన్‌వాల్ జాక్సన్. 90 అడుగుల ఎత్తు, 190 అడుగుల వెడల్పు ఉన్న బొమ్మలు. వీళ్ళలో ఒక్కరు కూడా జార్జియావాళ్ళు కాదు. లీ, జాక్సన్ వర్జీనియావాళ్ళు. డేవిస్‌ది మిసిసిపీ. ఓడిపోయి పారిపోతూ 1865 మేలో ఇర్విన్‌విల్ దగ్గర పట్టుబడ్డాడు, ఆయనకి మన రాష్ట్రంతో ఉన్న సంబంధాల్లో అందరికీ తెలిసింది అదే. జార్జియావాడైన ఉపాధ్యక్షుడు అలెగ్జాండర్ స్టీఫెన్స్ ఆ కొండ మీద లేడు. కానీ ఆ ముగ్గురూ దేనికోసం పోరాడారో ఆయనే 1861 మార్చిలో సవానాలో నిలబడి దాపరికం లేకుండా చెప్పాడు: నల్లవాడు తెల్లవాడితో సమానం కాదన్న మాటే మా కొత్త ప్రభుత్వానికి మూలరాయి అని. అంతకు రెండు నెలల ముందు ఈ రాష్ట్రం యూనియన్ నుంచి విడిపోతూ చేసిన ప్రకటన కూడా బానిసత్వం గురించిన ఫిర్యాదుతోనే మొదలవుతుంది. 1860 లెక్కల ప్రకారం జార్జియాలో బానిసలుగా ఉన్నవాళ్ళు 4,62,000 మందికి పైగా. రాష్ట్ర జనాభాలో నూటికి 44 మంది. వాళ్ళకీ ఇది సొంత రాష్ట్రమే. ఆ కొండ మీద వాళ్ళ జాడ ఎక్కడుంది?

యుద్ధం కాగానే కన్నీళ్ళతో కట్టుకున్న స్మారకం ఇది అని ఇన్నాళ్ళూ నేను అనుకునేవాడిని. మావాళ్ళు ఎవరినడిగినా అదే చెబుతారు. తేదీలు వేరే కథ చెబుతున్నాయి. 1915లో థాంక్స్‌గివింగ్ రాత్రి విలియం సిమన్స్ కొద్దిమందిని వెంటేసుకుని ఈ కొండెక్కి, శిలువ తగలబెట్టి, నల్లవాళ్ళ మీద హింసకి దిగి, ఆపైన అంతరించిపోయిన కు క్లక్స్ క్లాన్ అనే తెల్లవాళ్ళ ముఠాని మళ్ళీ లేపాడు. 1923లో గట్జన్ బోర్గ్లమ్ అనే శిల్పి చెక్కడం మొదలుపెట్టాడు. 1924లో లీ తల ఆవిష్కరించారు. తర్వాత నిర్వాహకులతో తగాదాపడి అతను వెళ్ళిపోయాడు, ఆపైన మౌంట్ రష్‌మోర్ కొండ మీద నలుగురు అమెరికా అధ్యక్షుల తలలు చెక్కాడు. అతని స్థానంలో వచ్చిన శిల్పికి తన నమూనా కోసం చోటు కావలసి వచ్చింది, 1928లో బోర్గ్లమ్ చెక్కిన లీ తలని పేల్చేశారు. ఆ ఏడాదే డబ్బులూ అయిపోయాయి. ఆ తర్వాత 30 ఏళ్ళకి పైగా ఆ గోడ సగం పనితో అలాగే ఉండిపోయింది. ఎవరికీ పట్టలేదు.

మళ్ళీ ఎప్పుడు పట్టింది? నల్లపిల్లలనీ తెల్లపిల్లలనీ వేరు వేరు బడుల్లో కూర్చోబెట్టడం కుదరదని 1954లో సుప్రీంకోర్టు చెప్పాక. ఆ తీర్పుని ఒప్పుకోనని పంతం పట్టిన గవర్నర్ మార్విన్ గ్రిఫిన్ హయాంలో 1956లో రాష్ట్ర పతాకంలోకి కాన్ఫెడరేట్ యుద్ధపతాకం వచ్చి చేరింది. 1958లో రాష్ట్రం ఈ కొండని కొన్నది. 1963 ఆగస్టులో మార్టిన్ లూథర్ కింగ్ వాషింగ్టన్‌లో మాట్లాడుతూ, జార్జియాలోని స్టోన్ మౌంటెన్ మీంచి స్వేచ్ఛ మోగాలని ఈ కొండని పేరు పెట్టి పిలిచాడు. మరుసటి ఏడాదే పని మళ్ళీ మొదలైంది. కింగ్‌ని చంపేసి, ఇక్కడే అట్లాంటాలో అంత్యక్రియలు చేసిన రెండేళ్ళకి, 1970 మే నెలలో, ఉపాధ్యక్షుడు స్పైరో ఆగ్న్యూ వచ్చి ఆ ముగ్గురినీ ఆవిష్కరించాడు. తుదిమెరుగులు 1972 వరకూ సాగాయి. యుద్ధం ముగిసిన 107 ఏళ్ళకి! చనిపోయిన సైనికుల మీద బెంగతో చేసిన పని ఇది కాదు. బతికున్న నల్లవాళ్ళకి, మీ హద్దుల్లో మీరుండండి అని ప్రభుత్వ ఖర్చుతో చెప్పడమే.

ఇదంతా మీకు తెలియదని కాదు. నా అసలు విన్నపం కొండ గురించి కంటే, కొండ చుట్టూ మీ శాసనసభ కట్టిన చట్టం గురించి.

2001లో పతాకం మీంచి ఆ యుద్ధచిహ్నాన్ని తగ్గించినప్పుడు, దానికి బదులుగా అన్నట్టు, స్మారకాలకి చట్టరక్షణ ఇచ్చారు. స్టోన్ మౌంటెన్ చెక్కడాన్ని ఎన్నటికీ మార్చకూడదు, తీసెయ్యకూడదు, కనబడకుండా చెయ్యకూడదు, శౌర్యానికి నివాళిగా శాశ్వతంగా కాపాడాలి అని అందులో ఉంది. 2019 ఏప్రిల్‌లో మీరు సంతకం చేసిన చట్టం దాన్ని ఇంకా బిగించింది. పాడుచేసినవాళ్ళు బాగుచేసే ఖర్చుకి మూడింతలు కట్టాలన్నారు. అందులో నాకు పేచీ లేదు, సుత్తి పట్టుకుని రాత్రిపూట వెళ్ళేవాళ్ళని నేను సమర్థించను. నా పేచీ ఇంకో వాక్యంతో. కౌంటీ (మన జిల్లా లాంటిది) తన కోర్టు ముందున్న కాన్ఫెడరేట్ స్తంభాన్ని కదిలించాలంటే, అంతే గౌరవంగా, అంతే ప్రముఖంగా కనబడే చోటే పెట్టాలట. మొదటినుంచీ అక్కడ లేనిదైతే మ్యూజియంలో పెట్టకూడదట, శ్మశానంలోనూ పెట్టకూడదట.

గవర్నర్ గారూ, ఈ గొడవలో రెండు వైపులవాళ్ళూ కాస్తో కూస్తో ఒప్పుకునే మాట ఒకే ఒక్కటి ఉంది: పగలగొట్టకండి, మ్యూజియంలో పెట్టండి, పక్కన చరిత్ర రాయండి. సరిగ్గా ఆ దారినే మీ చట్టం మూసేసింది. ఒక ఊరి జనం ఓట్లేసి గెలిపించుకున్న కమిషన్, ఆ ఊరి నడిబొడ్డున, ఆ ఊరి నేల మీద ఎవరిని గౌరవించాలో తేల్చుకోలేదు. పన్నులు తగ్గించుకోవచ్చు, రోడ్డు పేరు మార్చుకోవచ్చు, ఆ రాయిని మాత్రం ముట్టుకోకూడదు. స్థానికులు తమ సంగతి తామే చూసుకోవాలని మీ పార్టీ ఎప్పుడూ చెబుతుంది కదా, ఆ సూత్రం ఇక్కడ ఎందుకు ఆగిపోయింది?

అట్లాంటా పక్కనే, డెకాల్బ్ కౌంటీ కేంద్రమైన డికేటర్‌లో ఏం జరిగిందో చూడండి. పాత కోర్టు ముందు 1908లో ఒక కాన్ఫెడరేట్ స్తంభం నిలబెట్టారు. అట్లాంటాలో తెల్లమూకలు నల్లవాళ్ళని వీధుల్లో చంపిన రెండేళ్ళకి. నల్లవాళ్ళ ఓటుకి అడ్డం పడేలా రాష్ట్ర రాజ్యాంగాన్ని సవరించిన ఏడాదే. అది తొలగించమని ఊరివాళ్ళు ఏళ్ళ తరబడి అడిగారు. చట్టం ఒప్పుకోలేదు. చివరికి 2020 జూన్‌లో, అది ప్రజల భద్రతకి ముప్పుగా తయారైందని డెకాల్బ్ కౌంటీ జడ్జి ఉత్తర్వు ఇస్తే, ఒక రాత్రి క్రేన్ తెచ్చి దించారు. ఇప్పుడు ఆ చోట పౌరహక్కుల నాయకుడు, కాంగ్రెస్ సభ్యుడు జాన్ లూయిస్ విగ్రహం ఉంది, 2024 ఆగస్టులో పెట్టారు. అక్కడికి వెళ్ళినప్పుడు మా పిల్లలకి ఆయన ఎవరో చెప్పడానికి నాకు గొంతు తడబడలేదు. అయితే ఒక ఊరు తన కూడలిని తను మార్చుకోవడానికి ప్రమాదం సాకు దొరికేదాకా ఎందుకు ఆగాలి? అందరికీ అలాంటి సాకు దొరకదు, దొరకాలని కోరుకోకూడదు కూడా.

స్టోన్ మౌంటెన్ దగ్గర మీరు చేసిన మంచి కూడా చెప్పాలి. 2021లో రెవరెండ్ అబ్రహాం మోస్లీ గారిని ఈ కొండని నడిపే స్మారక సంఘానికి అధ్యక్షుడిగా నియమించింది మీరే. ఆ పదవిలోకి ఒక నల్లజాతి మనిషి రావడం అదే మొదలు. ఆ ఏడాదే కాలిబాట మొదట్లో ఉండే కాన్ఫెడరేట్ జెండాలని పక్కకి జరిపారు, లోగోలోంచి చెక్కడాన్ని తీసేశారు, క్లాన్‌తో సహా కొండ పూర్తి కథ చెప్పే ప్రదర్శన పెట్టాలని తీర్మానించారు. 2023లో శాసనసభ దానికీ, మెమోరియల్ హాల్ బాగుచెయ్యడానికీ 1.1 కోట్ల డాలర్లు ఇచ్చింది. సంతోషించాం. ఈలోగా 2025లో కాన్ఫెడరేట్ సైనికుల వారసుల సంఘమైన సన్స్ ఆఫ్ కాన్ఫెడరేట్ వెటరన్స్ కోర్టుకెక్కింది, ఆ ప్రదర్శన చట్టానికి విరుద్ధమని. అంటే చెక్కడాన్ని తాకొద్దన్నవాళ్ళు ఇప్పుడు దాని గురించి నిజం కూడా చెప్పొద్దంటున్నారు. వాళ్ళ చేతిలో ఆయుధం మీ చట్టమే.

చరిత్రని చెరిపేస్తారా అని అడిగేవాళ్ళకి నాకు తోచింది చెబుతాను. చరిత్ర వేరు, సన్మానం వేరు. అంతర్యుద్ధంలో పెద్ద పోరు జరిగిన గెటిస్‌బర్గ్‌లో స్మారకాల గురించి 1869లో అడిగినప్పుడు, యుద్ధపు గాయాలని తెరిచి ఉంచకపోవడమే మంచిదని రాసింది రాబర్ట్ లీ స్వయంగా. ఆ కొండ మీద నడిమి మనిషి ఆయనే. తాతముత్తాతలు పోయిన దుఃఖం ఉన్న కుటుంబాలని నేను చిన్నచూపు చూడను. మారియెటాలో 3,000 మందికి పైగా కాన్ఫెడరేట్ సైనికుల సమాధులున్నాయి. అక్కడికి వెళ్ళి పూలు పెట్టుకునే హక్కుని ఎవరూ అడ్డుకోకూడదు. ఆ సమాధుల మీద ఉన్నవి కొడుకుల పేర్లు. కొండ మీద ఉన్నవి అధికారం బొమ్మలు, అవి అందరి పన్నులతో, అందరి పేరు మీద నిలబడి ఉన్నాయి.

నిన్నగాక మొన్న వచ్చినవాళ్ళకి ఇదంతా ఎందుకని కొందరంటారు. ముందుగా మావాళ్ళే అంటారు, మనకెందుకు ఈ టెన్షన్ అని. వాళ్ళకోసం ఈ పేరా. 1965లో వలస చట్టం మారకపోతే మనలో చాలామంది ఇక్కడ ఉండేవాళ్ళం కాదు. ఆ చట్టం తెచ్చిన కాంగ్రెస్ అదే ఏడాది ఓటుహక్కు చట్టం కూడా తెచ్చింది. నల్లవాళ్ళ ఓటుహక్కు కోసం ఊరేగింపుగా వెళ్ళి అలబామాలోని సెల్మా వంతెన మీద దెబ్బలు తిన్నవాళ్ళు దేశం మనసు మార్చారు కాబట్టే మన వీసాలకి దారి పడింది. మనవాళ్ళు ఎందరో ఇళ్ళు కొనుక్కున్న ఫోర్సైత్ కౌంటీ నుంచి 1912లో దాదాపు 1,100 మంది నల్లవాళ్ళని తరిమేశారు. పొలాలూ చర్చిలూ వదిలి పోయారు. 1987లో పౌరహక్కుల నాయకుడు హోసియా విలియమ్స్ ఊరేగింపు తీసేనాటికీ అక్కడ నల్లవాళ్ళు దాదాపు లేరు, ఊరేగింపు మీద రాళ్ళు పడ్డాయి. ఇప్పుడు అక్కడ మన గుళ్ళున్నాయి, మన బతుకమ్మలున్నాయి. ఆ నేల మీద సుఖంగా బతుకుతూ దాని కథ మనది కాదనడం న్యాయం కాదు. ఊళ్ళో అంబేడ్కర్ విగ్రహం ఏ సెంటర్‌లో పెట్టాలన్నదాని మీద ఎంత రగడ జరుగుతుందో చూసి పెరిగినవాళ్ళం. నడివీధిలో ఎవరి బొమ్మ ఉంటే ఊరు ఎవరిదన్నది మనకి ఇంకొకరు వివరించనక్కర్లేదు.

కెంప్ గారూ, కొండకి డైనమైట్ పెట్టమని నేను అడగడం లేదు. చెక్కడం మీద మొలిచే మొక్కల్ని పీకడం మానేస్తే చాలంటున్నవాళ్ళు ఉన్నారు, నాకు అది నచ్చింది. ఇంకొకరికి నచ్చకపోవచ్చు. అది స్మారక సంఘమూ, ప్రజలూ కూర్చుని తేల్చుకోవాలి, తేల్చుకునే వీలు మాత్రం మీరు కల్పించాలి. 2020లో పరుగుకి వెళ్ళిన నల్ల యువకుడు అహ్మాద్ ఆర్బెరీని తెల్లవాళ్ళు వెంటాడి హత్య చేశాక, మామూలు మనుషులు కూడా అనుమానం ఉన్నవాళ్ళని పట్టుకోవచ్చనే, బానిసత్వ కాలంలో 1863లో పుట్టిన పౌర అరెస్టు చట్టాన్ని 2021లో రద్దు చేసింది మీరే. రెండు పార్టీలవాళ్ళూ కలిసొచ్చారు. పాత చట్టం ప్రాణం తీస్తుంటే దాన్ని తీసెయ్యవచ్చని మీరు చూపించారు.

మీ పదవీకాలం 2027 జనవరితో ముగుస్తుంది. ఈలోపు మూడు పనులు చెయ్యండి. కౌంటీలు, పట్టణాలు తమ స్మారకాలని మ్యూజియంకి గానీ శ్మశానానికి గానీ తరలించుకునేలా 2019 చట్టాన్ని సవరించమని శాసనసభని అడగండి. స్టోన్ మౌంటెన్ చెక్కడాన్ని శాశ్వత నివాళి అనే వాక్యాన్ని కొట్టేయించండి. కోర్టులో ఆ ప్రదర్శన తరఫున రాష్ట్రం గట్టిగా వాదించేలా చూడండి. ఈ మూడింటి మీద మీ అభిప్రాయం ఏమిటో, ఒప్పుకోకపోతే ఎందుకు ఒప్పుకోవడం లేదో, బహిరంగంగా జవాబు ఇవ్వమని కోరుతున్నాను.

ఇట్లు,
జార్జియాలో స్థిరపడిన ఒక తెలుగు ఓటరు