వార్షిక నివేదిక: సత్యేంద్రనాథ్ బోస్ జీవితం, రచనల పఠనం

మాన్య సభ్యులకు నమస్కారం.

నెల్లూరు మూలాపేటలోని మన పాఠకుల సంఘం, కార్యవర్గ తీర్మానం ప్రకారం, గడచిన సంవత్సరం నెలవారీ సమావేశాలన్నింటినీ భౌతిక, గణిత శాస్త్రజ్ఞుడు సత్యేంద్రనాథ్ బోస్ జీవితాన్నీ రచనలనూ చదవడానికే కేటాయించింది. తొలి సమావేశపు కరపత్రంలో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చినట్లు అచ్చయింది. ఆయనకు ఆ బహుమతి రాలేదు. తప్పు కార్యదర్శిగా నాదే. జగదీశ్ చంద్ర బోస్, ఈయన ఒకరే అనుకున్నవారూ మనలో ఉన్నారు గాని, ఆయన ఈయనకు ప్రెసిడెన్సీ కళాశాలలో గురువు.

1894 జనవరి 1న కలకత్తాలో పుట్టిన బోస్, తోటి శాస్త్రజ్ఞుడు మేఘనాథ్ సాహాతో కలిసి ఐన్‌స్టీన్ సాపేక్షతా వ్యాసాలను ఇంగ్లీషులోకి తేగా, 1920లో కలకత్తా విశ్వవిద్యాలయం ఆ అనువాదాన్ని ప్రచురించింది. 1921లో ఢాకా విశ్వవిద్యాలయంలో చేరిన ఆయన, వేడి వస్తువు వెలువరించే కాంతిలో ఏ రంగు ఎంత ఉంటుందో చెప్పే ప్లాంక్ సూత్రాన్ని కొత్త దారిలో రాబట్టిన చిన్న వ్యాసాన్ని 1924 జూన్ 4 నాటి ఉత్తరంతో ఐన్‌స్టీన్‌కు పంపారు. ముఖపరిచయమైనా లేని ఆ అధ్యాపకుడి వ్యాసాన్ని ఐన్‌స్టీన్ స్వయంగా జర్మన్‌లోకి అనువదించి అచ్చు వేయించారు.

ఈ వ్యాసం దగ్గర మనం మూడు సమావేశాలు ఆగిపోయాం. చివరకు ఒక సభ్యురాలు ఇంటి నుంచి రెండు గిన్నెలు, రెండు మొలగొలుకుల బియ్యపు గింజలు తెచ్చి చిక్కు విప్పారు. గింజలకు వేర్వేరు గుర్తులు పెడితే వాటిని రెండు గిన్నెల్లో నాలుగు విధాలుగా వేయవచ్చు. ఏది ఏదో చెప్పలేనంతగా ఒకటే అయితే లెక్కకు వచ్చేవి మూడు విధాలే. అప్పుడు రెండూ ఒకే గిన్నెలో ఉండే అవకాశం సగం నుంచి మూడింట రెండు వంతులకు పెరుగుతుంది. నిజం బియ్యపు గింజలను మనం వేరు పట్టగలం గనుక వాటికి ఈ లెక్క వర్తించదు. కాంతి కణాలకు వర్తిస్తుంది; బోస్ వ్యాసంలోని కొత్త దారి ఇదే. ఇలా గుంపుగా చేరడానికి మొగ్గే కణాలకే తరువాత భౌతిక శాస్త్రజ్ఞుడు డిరాక్, బోస్ పేరు మీదుగా బోసాన్లని పేరు పెట్టారు.

పరిశోధన వ్యాసాలు ఆయన రాసినవి కొద్దే. అయితే విజ్ఞానాన్ని మాతృభాషలోనే బోధించాలన్న పట్టుదలతో 1948లో వంగీయ విజ్ఞాన పరిషత్తును స్థాపించి, బెంగాలీలో విజ్ఞాన పత్రికను నడిపించారు. ఈ సంగతి చదివిన నాటి నుంచి సమావేశాల సారాంశాలను తెలుగులోనే రాసుకుంటున్నాం. క్వాంటమ్ వంటి మాటలను మాత్రం అలాగే ఉంచాం.

జమాఖర్చులను కోశాధికారి విడిగా సమర్పిస్తారు. వచ్చే సంవత్సరం వేడికి పరమాణువులు ఎంతమేరకు ఎలక్ట్రాన్లను కోల్పోతాయో చెప్పే మేఘనాథ్ సాహా అయనీకరణ సమీకరణాన్ని చదవాలన్న కార్యవర్గ ప్రతిపాదనకు సభ్యుల ఆమోదం కోరుతున్నాను.

కార్యదర్శి