ఆ జ్ఞాపకం ఎవరిదో కూడా వెయ్యండి

ఎడిటర్ గారికి నమస్కారం.

డిసెంబరు వస్తే చాలు, మీ విశాఖ పేజీలో, మన తీరంలో మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ జ్ఞాపకాలు మొదలవుతాయి. నేనూ వదలకుండా చదువుతాను. ఈసారి వేసినవాటిలో ఒక పెద్దాయన, 1971 యుద్ధం రోజుల్లో ఘాజీ మునిగిన రాత్రికి ముందు సాయంత్రం మన విమానవాహక నౌక విక్రాంత్ హార్బర్‌లో ఉండగా కళ్ళారా చూశానని రాశారు, మీరూ బాక్స్ కట్టి మరీ వేశారు.

అప్పుడు విక్రాంత్ ఇక్కడ లేదండి. దాన్ని అండమాన్ల వైపు పంపేశారు. విశాఖ దగ్గరే ఉందని పాకిస్తాన్‌ను నమ్మించడానికి మన నేవీవాళ్ళే కథ నడిపారు. రాజ్‌పుత్ అనే పాత యుద్ధనౌక చేత విక్రాంత్ మాట్లాడుతున్నట్టు వైర్‌లెస్ సందేశాలు పంపించారు, గూఢచారుల చెవిన పడాలని ఊళ్ళో కాంట్రాక్టర్లకు మాంసం, కూరగాయలు పెద్ద ఎత్తున ఆర్డర్ పెట్టారు. విక్రాంత్ కోసమే వచ్చిన ఘాజీ డిసెంబరు 3 అర్ధరాత్రి వేళ మన తీరానికి దగ్గర్లోనే మునిగిపోయింది, లోపలున్న తొంభై మందికి పైగా పోయారు. శత్రువు కోసం అల్లిన అబద్ధం శత్రువు పోయాక కూడా ఊళ్ళోనే ఉండిపోయి, యాభై ఏళ్ళు దాటాక ఒకాయనకు కళ్ళతో చూసిన దృశ్యం అయిపోయిందన్నమాట. ఆయన అబద్ధమాడారని నేననను. ఆయనకు నిజంగానే కనబడుతూ ఉండొచ్చు.

ఇలాంటివి మన ఊళ్ళో కొల్లలు. నేవీ డే డిసెంబరు 4న చేసేది కరాచీ రేవు మీద మన మిసైల్ బోట్లు దాడి చేసినందుకు, కానీ ఇక్కడ బీచ్‌రోడ్డులో విన్యాసాలు చూడ్డానికొచ్చిన జనంలో ఎవర్నడిగినా ఘాజీని ముంచినందుకే అంటారు. 2017లో ఘాజీ మీద సినిమా వచ్చాక అయితే మన జలాంతర్గామే వెళ్ళి దాన్ని ముంచిందని పిల్లలే కాదు, పెద్దవాళ్ళూ చెబుతున్నారు. మన నేవీ చెప్పే లెక్క ప్రకారం ఆ పని చేసింది రాజ్‌పుత్. కాదు, లోపలే ఏదో పేలిందనే వాదన కూడా ఉంది, అది ఇప్పటికీ తేలలేదు. బీచ్‌లో మ్యూజియంగా నిలబెట్టిన మన జలాంతర్గామి కురుసురా ముందు సెల్ఫీ దిగుతూ "ఘాజీని ముంచింది ఇదే" అనేవాళ్ళను నేనే విన్నాను. అది ఆ యుద్ధంలో అరేబియా సముద్రం వైపు గస్తీ తిరిగింది పాపం.

మా ఇంట్లో సంగతి చెబుతాను. ఆ రాత్రి పేలుడు విన్నది మా మేనత్త. అప్పుడు మహారాణిపేటలో ఉండేవాళ్ళు. కిటికీ అద్దాలు గడగడలాడాయనీ, గూట్లో ఉన్న ఊరగాయ జాడీ మూత జారి కిందపడిందనీ చెప్పేది, అంతే. ఆవిడ పోయాక ఆ జాడీ కథ ఆవిడ కొడుకు, మా బావ చేతికొచ్చింది. మొదట్లో మూత పగిలింది, తర్వాత జాడీయే పగిలింది, మొన్న మనవడికి చెబుతుంటే అద్దాలు కూడా భళ్ళుమన్నాయి, పైగా "నేను మంచం మీంచి లేచి కూర్చున్నాను" అని. "ఏటి బావా, నువ్వు పుట్టిందే డెబ్బై మూడులో గదా" అన్నాను. "అయితే ఏటిరా, మా అమ్మ విన్నాది, నేను విన్నట్టు కాదా?" అన్నాడు. అతన్ని కాదనడానికి నాకు మనసు రాలేదు గానీ, ఇది పేపర్లోకొస్తే మాత్రం ఊరుకోలేను.

మనిషి బుర్ర పనిచేసేదే ఇలా. విన్న విషయం ఉండిపోతుంది, ఎవరు చెప్పారన్నది ముందు పోతుంది. అమెరికాలో ఎలిజబెత్ లాఫ్టస్ అనే సైకాలజిస్టు 24 మందికి, చిన్నప్పుడు మీరు షాపింగ్ మాల్‌లో తప్పిపోయారట అంటూ, ఇంట్లోవాళ్ళే చెప్పినట్టుగా, జరగని సంగతి రాసి ఇచ్చింది. 1995లో అచ్చయిన ఆ పరిశోధనలో పావువంతు మంది దాకా అది తమకు కొంతో గొప్పో గుర్తుందన్నారు. వాళ్ళకు అలా చెప్పింది ఒక్క కాగితం. మనకు సినిమా, వాట్సాప్, పక్కింటాయన, ఏటేటా మీ పేజీ.

కల్పన వద్దనడం లేదు, ఊరన్నాక కథలుంటాయి. నేనడిగేది చిన్న పని. ప్రతి జ్ఞాపకం కింద ఒక లైను వెయ్యండి, రాసినవాళ్ళు ఏ సంవత్సరంలో పుట్టారు, అప్పుడు ఎక్కడున్నారు, చూశారా, విన్నారా, విన్నదైతే ఎవరి దగ్గర. మా బావ రాసి పంపినా వేసుకోండి, కింద మా మేనత్త పేరుండాలి.

ఇంకోటి. ఘాజీ శకలాలు ముందు దొరికింది మన జాలర్లకే. ఆ రోజుల్లో వేటకెళ్ళిన కుర్రాళ్ళకు ఇప్పుడు డెబ్బై దాటి ఉంటాయి. డిసెంబరు దాకా ఆగకుండా ఎవరైనా రిపోర్టర్‌ని పెద్ద జాలరిపేట పంపించి, ఉన్నవాళ్ళు చెప్పింది చెప్పినట్టు సెల్‌లో రికార్డు చేయించండి. బాక్స్ కట్టాలంటే అది కట్టండి.

ఇట్లు,
మీ పాఠకుడు,
మహారాణిపేట, విశాఖపట్నం