‘గుర్తులేదు’కూ ‘తెలియదు’కూ మధ్య

ప్రియ మిత్రమా,

నీ ఉత్తరం మొన్న అందింది. అమ్మాయి లా పూర్తి చేసిందన్న వాక్యం దగ్గర ఆగిపోయి, లోపలికి వెళ్లి ఇంట్లో వాళ్లకు చదివి వినిపించి వచ్చాను. ఎత్తుకుని తిప్పిన పిల్ల నల్లకోటు వేసుకుంటుందంటే నాకే గర్వంగా ఉంది, ఇక నీకూ చెల్లెమ్మకూ ఎలా ఉంటుందో ఊహించుకోగలను.

ఆ తర్వాత నువ్వు రాసిన సంగతే నన్ను రెండు రోజులుగా వదలడం లేదు. జడ్జి కావాలన్నది దాని కోరిక. సివిల్ జడ్జి పరీక్షకు కూర్చోవాలంటే మూడేళ్లు వకీలుగా పనిచేసి ఉండాలని తెలిసి, ‘ఆ మూడేళ్లూ వృథా’ అని దిగులుపడుతోందన్నావు. నాలుగు మంచి మాటలు రాయమన్నావు. ఫోనులో చెబితే తేలిపోయే విషయం కాదిది. 31 ఏళ్లు జడ్జిల ముందు కూర్చుని వాళ్లు చెప్పింది షార్ట్‌హ్యాండులో రాసుకున్నవాణ్ణి. రిటైరయ్యాక, వేరే దేశాల్లో జడ్జిలను ఎలా తయారుచేస్తారో తెలుసుకోవాలన్న కోరిక పుట్టి చాలా చదివాను. అందుకే ఇంత పెద్ద ఉత్తరం. ఓపికగా చదువు, చదివాక అమ్మాయికి ఇవ్వు.

ముందుగా ఒక సంగతి చెబుతాను. నేను చూసిన జడ్జిల్లో ఒకావిడ ఉండేవారు. లా పూర్తి చేసి, ఒక్క కేసు కూడా వాదించకుండా నేరుగా పరీక్ష రాసి వచ్చారు. అప్పటి నిబంధనల ప్రకారం అలా రావచ్చు. వయసు ఇరవై ఏడో ఇరవై ఎనిమిదో. ఆవిడ వచ్చిన మొదటి వారం, ఒక ప్రమాదం కేసులో ఒక ముసలాయన సాక్ష్యం చెప్పడానికి బోనెక్కాడు. బండి ఎటువైపు నుంచి వచ్చిందని అవతలి వకీలు అడిగాడు. ఆయన కాసేపు ఆలోచించి, ‘గుర్తులేదు బాబూ’ అన్నాడు. జడ్జిగారు నాకు డిక్టేషన్ ఇచ్చారు: ‘బండి ఎటువైపు నుంచి వచ్చిందో తనకు తెలియదని సాక్షి చెప్పాడు’. రాశాను. అంతలోనే ఆవిడ చెయ్యెత్తి, ఇప్పుడు రాసింది చదవమన్నారు. చదివాను. ‘కొట్టేయండి. ఆయన తెలియదనలేదు, గుర్తులేదన్నారు’ అని, సవరించిన వాక్యాన్ని ఆ ముసలాయనకు ఆయన భాషలో చెప్పి, ‘ఇదేనా మీరన్నది’ అని అడిగారు. ఆయన తలూపాక గానీ తర్వాతి ప్రశ్న అడగనివ్వలేదు.

రెండు మాటలకూ ఎంత తేడా ఉందో చూడు. తెలియదంటే అసలు చూడలేదని అర్థం లాగవచ్చు. గుర్తులేదంటే చూశాడు, మరిచిపోయాడు. తెలియదన్న ఆ ఒక్క మాట పట్టుకుని, వాదనల రోజున అవతలి వకీలు ‘ఈ మనిషి ఆ చోటనే లేడు’ అనగలడు. కేసు అప్పీలుకు వెళితే, పైకోర్టు జడ్జికి ఆ ముసలాయన మొహం కనిపించదు, గొంతు వినిపించదు. నేను టైపు చేసిన కాగితమే కనిపిస్తుంది. ఆ కాగితంలో ఏ మాట ఉంటే ఆయన అదే అన్నట్టు.

కొన్నాళ్లయ్యాక, కొత్తవారికి అంత పట్టింపు ఎలా వచ్చిందని అడిగాను. శిక్షణలో ఉన్నప్పుడు ఒక పెద్దాయన ఒక్కొక్కరినీ సాక్షి బోనులో నిలబెట్టి, ముందురోజు ఏం చేశారో ప్రశ్నలు వేసేవారట. ఈవిడ తడబడి ఏదో అంటే దాన్ని ఇంకోలా రాయించి, మర్నాడు ఆ కాగితం చేతికిచ్చారట. ‘నా మాట నాది కాకుండా పోతే ఎలా ఉంటుందో ఆ రోజు తెలిసింది’ అన్నారు. అప్పటినుంచీ నేను జడ్జిల చదువు గురించి ఆలోచించినప్పుడల్లా ఆ బోను గుర్తొస్తుంది. చట్టం పుస్తకంలో దొరుకుతుంది, సెక్షన్ మరిచిపోతే మళ్లీ చూసుకోవచ్చు. ఎదుటి మనిషి నిలబడిన చోట ఒకసారి తానూ నిలబడి రావడం ఏ పుస్తకంలోనూ దొరకదు. అమ్మాయి ‘వృథా’ అంటున్న మూడేళ్ల గురించి నేను చెప్పదలచుకున్నది ఇదే.

దేశాలన్నీ ఈ ప్రశ్నకు ఒకేలా జవాబు చెప్పలేదు. ఫ్రాన్సులో చదువైపోగానే పోటీ పరీక్ష రాసి నేరుగా రావచ్చు. బోర్డో నగరంలో జడ్జిల కోసమే 1958లో మొదలైన బడి ఉంది. కాబోయే జడ్జిలూ, కాబోయే పబ్లిక్ ప్రాసిక్యూటర్లూ అక్కడ కలిసే చదువుతారు. శిక్షణ 31 నెలలు. అందులో తరగతి గది కొంతే. మిగతా కాలమంతా కోర్టుల్లో, వకీళ్ల ఆఫీసుల్లో, పోలీసుల దగ్గర, జైళ్లలో కూడా గడపాలి. జైలుకు పంపే సంతకం పెట్టబోయే మనిషి, ముందు జైలు లోపల ఎలా ఉంటుందో చూసి రావాలన్నమాట. ఆ ఏర్పాటు చేసినవాళ్లకు దండం పెట్టాలనిపించింది.

జర్మనీ పద్ధతి నాకు ఇంకా నచ్చింది. అక్కడ వకీలు కావాలన్నా, ప్రాసిక్యూటర్ కావాలన్నా, జడ్జి కావాలన్నా చదువు ఒకటే. యూనివర్సిటీ చదువయ్యాక మొదటి రాజ్య పరీక్ష, తర్వాత రెండేళ్ల శిక్షణ, దాని చివర రెండో రాజ్య పరీక్ష. ఆ రెండేళ్లలో సివిల్ కోర్టు, ప్రాసిక్యూటర్ కార్యాలయం, ప్రభుత్వ కార్యాలయం, వకీలు ఆఫీసు అన్నీ తిరగాలి. మంచి మార్కులు వచ్చినవాళ్లకే జడ్జి పదవి దొరుకుతుంది. అదీ కనీసం మూడేళ్లు ప్రొబేషన్ మీద పనిచేశాకే శాశ్వతం. జపాన్‌లో న్యాయవృత్తిలోకి రావడానికి రాసే బార్ పరీక్ష నెగ్గినవాళ్లందరికీ సుప్రీంకోర్టు ఆధ్వర్యంలోని సంస్థ దాదాపు ఏడాది శిక్షణ ఇస్తుంది. తర్వాత జడ్జిగా ఎంపికైనవాళ్లు పదేళ్లు సహాయ జడ్జిగానే ఉండాలి. పదేళ్లు! మూడేళ్లకే అలిగిన మన అమ్మాయికి ఈ మాట తప్పకుండా చెప్పు.

ఇంగ్లండు దారి వేరు. అక్కడ జడ్జి కావడానికి ముందు చేరే బడి అంటూ లేదు. ఏళ్ల తరబడి వకీలుగా పనిచేసినవాళ్లే దరఖాస్తు పెట్టుకుంటారు. 2006 నుంచి దీనికోసం స్వతంత్ర నియామక కమిషన్ పనిచేస్తోంది. వాళ్ల దగ్గర నాకు బాగా నచ్చిన ఏర్పాటు ఒకటుంది. వకీలుగా పనిచేస్తూనే ఏడాదికి కొన్ని వారాలు ‘రికార్డర్’ పేరుతో జడ్జిగా కూర్చోవచ్చు. ఆ పని తనకు సరిపోతుందో లేదో మనిషికీ తెలుస్తుంది, వ్యవస్థకూ తెలుస్తుంది. ఇక చిన్న క్రిమినల్ కేసులు చూసే మేజిస్ట్రేట్లలో చాలామందికి న్యాయశాస్త్రం డిగ్రీయే ఉండదు. జీతం లేకుండా పనిచేసే మామూలు పౌరులు వాళ్లు. చట్టం తెలిసిన సలహాదారు పక్కన ఉంటారు.

మన దేశంలో ఈ మూడేళ్ల సంగతి ఎన్ని మలుపులు తిరిగిందో అమ్మాయికి తెలుసో లేదో. 1993లో సుప్రీంకోర్టు మూడేళ్ల ప్రాక్టీసు ఉండాలంది. 2002లో ఆ షరతు తీసేసింది, తెలివైన పిల్లలు మూడేళ్లు ఆగకుండా ఇటు వస్తారని. 2025 మే నెలలో మళ్లీ పెట్టింది. కోర్టు అనుభవం లేకుండా వచ్చినవాళ్లతో ఇబ్బందులు ఎదురయ్యాయని ఆ తీర్పులో చెప్పింది. న్యాయమూర్తుల దగ్గర లా క్లర్కుగా చేసిన కాలాన్ని కూడా ఆ మూడేళ్లలో లెక్కించవచ్చంది, నియామకమయ్యాక కేసులు వినే ముందు కనీసం ఏడాది శిక్షణ ఉండాలంది. అంత పెద్ద కోర్టే రెండుసార్లు మనసు మార్చుకుందంటే ప్రశ్న తేలికైనది కాదని అర్థం.

అనుభవం ఉంటే చాలని కూడా అనలేను. పాతికేళ్లు వకీలుగా వెలిగి, జడ్జిగా వచ్చిన ఒకాయన దగ్గరా పనిచేశాను. చట్టం ఆయన నాలుక చివర ఉండేది. కానీ సాక్షి నోరు విప్పగానే ఆయనలోని వకీలు లేచి కూర్చునేవాడు. వకీళ్లు అడగవలసిన ప్రశ్నలు ఆయనే అడిగేసేవారు, జవాబు పూర్తికాకముందే ఇంకో ప్రశ్న. సాక్షులు బిక్కచచ్చిపోయేవారు. నాకైతే ఎవరి మాట ఎక్కడ ఆగిందో, ఎవరిది ఎక్కడ మొదలైందో రాసుకోవడమే కష్టమయ్యేది. ఆయనకే ఆ సంగతి తెలిసివచ్చింది. బల్ల మీద ఒక గ్లాసు నీళ్లు పెట్టించుకుని, మధ్యలో మాట్లాడాలనిపించినప్పుడల్లా ఒక గుక్క తాగేవారు. మొదట్లో సాయంత్రానికి మూడు నాలుగు గ్లాసులు అయ్యేవి. ఏడాది తిరిగేసరికి ఒక్క గ్లాసు సగం అలాగే మిగిలేది. ఆయన ఇచ్చిన తీర్పులకంటే ఎక్కువగా ఆ సగం గ్లాసు నాకు గుర్తుండిపోయింది.

అమ్మాయి దిగులు తీర్చడానికి కొందరి సంగతులు చెబుతాను, చదువుతున్నప్పుడు నన్ను కట్టిపడేసినవి. అమెరికా సుప్రీంకోర్టులో రాబర్ట్ జాక్సన్ అని ఒక న్యాయమూర్తి ఉండేవారు. కాలేజీ డిగ్రీ లేదు. లా కాలేజీలో చదివింది ఒక్క సంవత్సరం. మిగిలిందంతా ఒక వకీలు ఆఫీసులో పనిచేస్తూ నేర్చుకున్నదే. 1941లో సుప్రీంకోర్టుకు వచ్చారు, నాలుగేళ్లకు న్యూరెంబర్గ్‌లో నాజీ నాయకుల విచారణలో అమెరికా తరఫున ప్రధాన ప్రాసిక్యూటర్‌గా నిలబడ్డారు. థర్‌గుడ్ మార్షల్ జడ్జి కాకముందు నల్లజాతివారి హక్కుల కోసం కోర్టుల చుట్టూ తిరిగిన వకీలు. సుప్రీంకోర్టులో 32 కేసులు వాదించి 29 గెలిచారు. బడుల్లో జాతి విభజన చెల్లదని 1954లో తీర్పు తెప్పించిన కేసు వాటిలో ఒకటి. 1967లో అదే కోర్టులో న్యాయమూర్తిగా కూర్చున్నారు.

సాండ్రా డే ఓకానర్ 1952లో స్టాన్‌ఫర్డ్‌లో మంచి ర్యాంకుతో లా పూర్తి చేస్తే, ఆడపిల్ల అని వకీళ్ల సంస్థలు ఉద్యోగం ఇవ్వలేదు. ఒకచోట సెక్రటరీ పని ఇస్తామన్నారట. ఆవిడ ఒక కౌంటీ ప్రభుత్వ వకీలు ఆఫీసుకు వెళ్లి, జీతం లేకుండానైనా చేస్తానని చేరారు. తర్వాత రాష్ట్ర సెనేట్‌లో నాయకురాలయ్యారు, రాష్ట్ర కోర్టుల్లో జడ్జిగా పనిచేశారు, 1981లో అమెరికా సుప్రీంకోర్టుకు తొలి మహిళా న్యాయమూర్తి అయ్యారు. ఇక్కడ కేరళలో అన్నా చాందీ 1937లోనే మున్సిఫ్ అయ్యారు, 1959లో హైకోర్టుకు వెళ్లారు. బ్రిటన్‌లో బ్రెండా హేల్ పద్దెనిమిదేళ్లు యూనివర్సిటీలో పాఠాలు చెప్పి, చట్టాల సంస్కరణ కమిషన్‌లో పనిచేసి, ఆ తర్వాత జడ్జి అయి, 2017లో ఆ దేశ సుప్రీంకోర్టు అధ్యక్షురాలయ్యారు. వీళ్లలో ఎవరి దారీ తిన్నగా లేదు. బెంచి ఎక్కకముందు వీళ్లు చేసిన పని బెంచి ఎక్కాక ఊరికే పోలేదు. బోనులో నిలబడినవాళ్లతోనో, తలుపు మూసేసిన ఆఫీసు బయట నిలబడినవాళ్లతోనో వీళ్లకు పరిచయం ఉంది.

కాబట్టి మూడేళ్లు ఎక్కడ పనిచేయాలన్నదే అమ్మాయి ఆలోచించవలసింది. పెద్ద పేరున్న వకీలు దగ్గర చేరి, ఆయన వెనక ఫైళ్లు మోసి, వాయిదాలు అడిగి రావడంతోనే మూడేళ్లూ గడిచిపోతే అది నిజంగానే వృథా. సాక్షులు వచ్చే కోర్టులో, రోజూ విచారణలు జరిగే చోట, కక్షిదారుతో స్వయంగా మాట్లాడనిచ్చే సీనియర్ దగ్గర చేరమను. పేరు చిన్నదైనా ఫర్వాలేదు. వీలైతే ఉచిత న్యాయ సహాయం కేసులు కొన్ని తీసుకోమను. డబ్బులేని మనిషి తన గోడు చెప్పుకునే తీరు వేరుగా ఉంటుంది. మొదటి నుంచి చెప్పడు, మధ్యలో ఏడుస్తాడు, అసలు సంగతి వెళ్లిపోతూ గుమ్మం దగ్గర చెబుతాడు. ఆ గుమ్మం దగ్గర మాట వినడం అలవాటైతే, జడ్జి పని సగం నేర్చుకున్నట్టే.

ఆ కొలువులో ఉన్న ఒంటరితనం కూడా దాచకుండా చెప్పాలి. బదిలీలు తప్పవు. పాత స్నేహితులైన వకీళ్లతో ముందులా కూర్చుని కబుర్లు చెప్పుకోలేరు. ఇద్దరిలో ఒకరు ఓడిపోయే పని, ఓడినవాళ్లు తిడితే తిరిగి జవాబు చెప్పకూడని పని. బాగా నడిచే వకీలు సంపాదనతో పోల్చుకుంటే జీతం తక్కువే. ఇవన్నీ విన్నాక కూడా కావాలంటే, అప్పుడు అది నిజమైన కోరిక.

సెలవులైపోయి సోమవారం కోర్టులు తెరుస్తారు. నువ్వు వచ్చే నెల వస్తానన్నావు కదా, అమ్మాయిని వెంట తీసుకురా. కోర్టు హాల్లో వెనక బెంచీ మీద కూర్చోవడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు, విచారణ అందరి ఎదుటా జరిగేదే. ఒక సాక్ష్యం మొదటి నుంచి చివరిదాకా విందాం. సాక్షి అన్న మాటలు అది తన నోట్‌బుక్‌లో రాసుకోవాలి, నేను నా పాత అలవాటు కొద్దీ షార్ట్‌హ్యాండులో రాసుకుంటాను. బయటికొచ్చాక రెండూ పక్కపక్కన పెట్టి చూసుకుందాం. రాసుకోవడానికి పెన్సిల్ తెచ్చుకోమను, పెన్ను నడుమ ఆగిపోతుంది.

చెల్లెమ్మకు నా నమస్కారాలు. ఏ రోజు వస్తున్నారో ముందే రాయి.

నీ
మిత్రుడు