ఆ ఫైలు మీద నీ పేరు కూడా రాయించు

ఒరేయ్,

మొన్న రాత్రి నువ్వు "సరేలే, తర్వాత మాట్లాడుకుందాం" అని ఫోన్ పెట్టేశాక నాకు నిద్ర పట్టలేదు. పిల్లల కోసం చెల్లెమ్మ చేయించుకున్న టెస్టులన్నీ ఒక్కొక్కటిగా చదివి వినిపించావు. థైరాయిడ్, ప్రొలాక్టిన్, అండాల నిల్వ చూసే ఏఎంహెచ్, రెండుసార్లు స్కానింగ్, ట్యూబ్ టెస్టు. అన్నీ విని "మరి నీది?" అని అడిగాను. కాసేపు ఆగి, "నాకేముందిరా, బాగానే ఉన్నాగా" అన్నావు. ఆ మాట నాకు కొత్త కాదు. పద్నాలుగు నెలలపాటు అచ్చం అదే మాట నేనూ అన్నాను.

ఇది ఫోన్‌లో చెప్పగలిగే సంగతి కాదు, అందుకే రాస్తున్నా. మా ఇద్దరికీ, మాకు వైద్యం చేసిన డాక్టర్లకీ తప్ప ఎవరికీ తెలియదు. రాసేముందు మా ఆవిడని అడిగాను. "చెప్పండి, అసలు ఎప్పుడో చెప్పాల్సింది" అంది.

మా పాప కోసం నాలుగేళ్ళు ఎదురుచూశామని నీకు తెలుసు. ఎందుకు ఆలస్యమైందో మాత్రం నీకు చెప్పలేదు. ఎవరడిగినా మా ఆవిడ "నాకే ఏదో హార్మోన్ల తేడా అన్నారు, మందులు వాడుతున్నా" అనేది. తనకి ఏ తేడా లేదురా. తేడా నాలో ఉంది. నా పరువు కాయడానికి తను ఆ నింద మీదేసుకుంటే, నేను పక్కనే కూర్చుని విని ఊరుకున్నాను. ఒక్కసారి కాదు, ఎన్నోసార్లు. అది తలుచుకుంటే ఇప్పటికీ నాకు తల ఎత్తబుద్ధి కాదు.

అప్పట్లో మా ఇంట్లో ఒక నీలం ఫైలు ఉండేది. మూలలు నలిగిపోయి, రబ్బరు బ్యాండు వేస్తే తప్ప మూతపడనంత లావైంది. పైన స్కెచ్ పెన్నుతో మా ఆవిడ పేరు. లోపలున్న కాగితాలన్నీ తనవే. ఒకరోజు కొత్త డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళాం. ఆమె ఫైలు మొదటినుంచి చివరిదాకా తిరగేసి, మళ్ళీ మొదటి కాగితానికి వచ్చి, "మీ రిపోర్టు ఏదండీ?" అని నన్ను అడిగింది. "ఇంకా చేయించలేదు మేడమ్" అన్నాను. నన్నేమీ అనలేదు. ఫైలు మూసి మా ఆవిడ వైపు తిరిగి, "ట్యూబ్ టెస్టప్పుడు బాగా నొప్పేసిందా అమ్మా?" అంది. మా ఆవిడ "కాస్త" అంది, తల దించుకునే.

ఆ టెస్టు ఎలా చేస్తారో చెల్లెమ్మని అడుగు, చెబుతుంది. గర్భాశయంలోకి డై ఎక్కించి, అది రెండు ట్యూబుల్లోంచి బయటికి పోతోందో లేదో ఎక్స్‌రేలో చూస్తారు. ఆ రోజు నేను బయట బెంచీ మీద కూర్చుని ఫోన్ చూసుకుంటున్నాను. తను గోడ పట్టుకుని నడిచి వచ్చింది. నేను పద్నాలుగు నెలలు తప్పించుకున్న వీర్యం టెస్టుకి సూది కూడా అక్కర్లేదు.

నిజానికి భయం నొప్పి గురించి కాదు కదా. రిపోర్టులో ఏం వస్తుందోనని. అది వస్తే నేను మగాణ్ణి కాకుండా పోతానేమోనని. నీ భయమూ అదే అయితే ఒక మాట విను. పడకమీద అన్నీ సవ్యంగా ఉండడానికీ, వీర్యకణాల లెక్కకీ సంబంధం లేదు. వీర్యంలో ఎక్కువ భాగం వేరే గ్రంథుల్లోంచి వచ్చే ద్రవమే. కణాలు ఒక్కటి కూడా లేకపోయినా చూపుకి ఏ తేడా తెలియదు. కాబట్టి "నేను బాగానే ఉన్నా" అని మనం అనుకోవడానికి ఆధారమే లేదు. పిల్లలు కలగని జంటల్లో దాదాపు సగం మంది విషయంలో మగవాడి వైపు నుంచీ ఏదో ఒక కారణం ఉంటుంది.

మొదటిసారి ల్యాబ్‌కి వెళ్ళిన రోజు చెబుతా విను. చిన్న గది, ట్యూబ్‌లైటు, మూలన వాష్‌బేసిన్, తలుపు బయట ఎవరివో పేర్లు పిలుస్తున్నారు. చేతిలో నా పేరు, టైము రాసిన ప్లాస్టిక్ డబ్బా. అరగంట కూర్చుని ఖాళీ డబ్బాతో బయటికొచ్చాను. కౌంటర్ దగ్గరి కుర్రాడు ముఖం కూడా మార్చకుండా "చాలామందికి ఇలా అవుతుంది సార్, ఇంటినుంచి తీసుకురావచ్చు" అన్నాడు. ఆ కుర్రాడికి నేను ఎప్పటికీ రుణపడి ఉంటాను.

నువ్వు కూడా ఇంటినుంచే తీసుకెళ్తానంటే ముందు ల్యాబ్‌లో అడుగు. గంటలోపు చేర్చాలి, చల్లబడకుండా చొక్కా లోపల ఒంటికి ఆనించి పెట్టుకోవాలి. అంతకుముందు కనీసం రెండు రోజులు, మహా అయితే ఏడు రోజులు వీర్యం పోకుండా ఆగి ఉండాలి. సబ్బు, జెల్ వాడొద్దు. మామూలు కండోమ్‌లో అసలే వద్దు, అందులో ఉండే పూత కణాలకి పడదు. మొదట వచ్చే భాగంలోనే కణాలు ఎక్కువ ఉంటాయి, అది పొరపాటున కింద పడితే సిగ్గుపడకుండా చెప్పెయ్, లేకపోతే లెక్క తప్పు వస్తుంది.

నా రిపోర్టు: మిల్లీలీటరుకి 50 లక్షల కణాలు, కదలిక 18 శాతం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో ఇచ్చిన లెక్కలో కింది హద్దు మిల్లీలీటరుకి 1.6 కోట్లు, మొత్తం కదలిక 42 శాతం. కాగితం పట్టుకుని మెట్ల మీద కూర్చుండిపోయాను. నీది వచ్చినప్పుడు ఒకటి గుర్తుపెట్టుకో. "మార్ఫాలజీ" అని ఒక వరుస ఉంటుంది, ఆకారం సరిగ్గా ఉన్నవి ఎన్ని అని. అక్కడ 4 శాతం ఉన్నా హద్దులో ఉన్నట్టే. 96 శాతం బాగోలేవని చూసి గుండె జారిపోతుంది, తెలియనివాళ్ళకి. ఆ హద్దులు కూడా పిల్లలు పుట్టేవాళ్ళనీ పుట్టనివాళ్ళనీ విడగొట్టే గీతలు కావు. తక్కువున్నవాళ్ళకీ పుడతారు, ఎక్కువున్నవాళ్ళకీ ఆలస్యమవుతుంది.

ఒక్క టెస్టుతో ఏదీ తేల్చరు. కణం తయారవడానికి దాదాపు రెండున్నర నెలలు పడుతుంది కాబట్టి, రెండు నెలల కిందట గట్టి జ్వరం వచ్చినా ఇప్పటి రిపోర్టులో తెలుస్తుంది. నువ్వు ఆ మధ్య జిమ్‌లో ఎవరో చెప్పారని ఇంజెక్షన్లు తీసుకున్నానన్నావు. అవి టెస్టోస్టిరాన్ అయితే ఆ సంగతి డాక్టరుకి తప్పకుండా చెప్పు. బయటినుంచి ఆ హార్మోన్ ఎక్కిస్తే లోపల కణాల తయారీ ఆగిపోతుంది. మానేశాక చాలామందికి తిరిగి మొదలవుతుంది, నెలలు పడుతుంది. సిగరెట్ సంగతి నేను వేరే చెప్పక్కర్లేదు.

నాకు రెండోసారి కూడా అలాగే వచ్చింది. యూరాలజిస్టు నిలబెట్టి, చేత్తో చూసి, రెండు నిమిషాల్లో వేరికోసిల్ అన్నారు. అంటే వృషణాల దగ్గర రక్తనాళాలు ఉబ్బి, అక్కడ వేడి పెరగడం. వృషణాలు ఒంటి వేడికంటే రెండు మూడు డిగ్రీలు చల్లగా ఉండాలి మరి. మగవాళ్ళలో నూటికి 15 మందికి ఇది ఉంటుందట, పిల్లలు కలగక డాక్టరు దగ్గరికి వెళ్ళిన మగవాళ్ళలో అయితే నూటికి 35 మందికి పైగా. రెండు నిమిషాల పరీక్షరా. దానికోసం మా ఆవిడ పద్నాలుగు నెలలు సూదులు పొడిపించుకుంది.

ఆపరేషన్ అయింది, ఆరు నెలలకి కౌంటు కోటి దాటింది, గర్భం వచ్చింది. తొమ్మిదో వారంలో పోయింది. ఆ సంగతి కూడా నీకు చెప్పలేదు. తెలిసిన గర్భాల్లో నూటికి 10 నుంచి 20 దాకా అలా పోతాయనీ, ఎక్కువసార్లు అది క్రోమోజోముల తేడావల్లే తప్ప మెట్లెక్కడం వల్లో బరువెత్తడం వల్లో కాదనీ డాక్టరమ్మ ఎంత చెప్పినా, మా ఆవిడ చాలా రోజులు ఆ వారమంతా తనేం చేసిందో వేళ్ళ మీద లెక్కపెట్టుకుంటూ ఉండేది. తర్వాత ఇక్సీకి వెళ్ళాం. ఒక్కో అండంలోకి ఒక్కో వీర్యకణాన్ని సూదితో పంపిస్తారు. అలా తయారైన పిండాన్ని గర్భాశయంలో పెడతారు. మొదటిసారి నిలవలేదు. ఫ్రీజ్ చేసిన రెండో పిండమే మా పాప. అందరికీ ఇలాగే అవుతుందని నీకు మాటివ్వలేను.

ఇక చెల్లెమ్మ ఏఎంహెచ్ తక్కువ అన్నావు, ఆ పిల్ల అప్పటినుంచీ ఏడుస్తోందన్నావు. అది మిగిలిన అండాల సంఖ్యకి ఒక అంచనా మాత్రమే. ఐవీఎఫ్, అంటే అండాన్నీ వీర్యకణాన్నీ బయట ల్యాబ్‌లో కలిపే వైద్యం చేస్తే, ఇంజెక్షన్లకి ఎన్ని అండాలు రావచ్చో చెప్పడానికి పనికొస్తుంది. అండాలు మంచివా కావా అన్నది అది చెప్పదు, దానికి వయసే ముఖ్యం. పిల్లల కోసం అప్పుడప్పుడే ప్రయత్నిస్తున్న 30 నుంచి 44 ఏళ్ళ ఆడవాళ్ళని గమనించి 2017లో అమెరికాలో ఒక అధ్యయనం వేశారు. ఏఎంహెచ్ తక్కువున్నవాళ్ళకి గర్భం వచ్చే అవకాశం మిగతావాళ్ళకంటే ఏమీ తగ్గలేదు. ఇది చెల్లెమ్మకి చదివి వినిపించు. అలాగని ఇంకో ఏడాది చూద్దామని కూర్చోకండి. తనకి 33, మీరు మొదలుపెట్టి రెండేళ్ళు. 35 లోపు వాళ్ళు ఏడాది చూసి, దాటినవాళ్ళు ఆరు నెలలు చూసి డాక్టరు దగ్గరికి వెళ్ళాలంటారు. మీరు ఆ గడువు ఎప్పుడో దాటారు.

క్యాలెండరులో నెలసరి నుంచి 14వ రోజుకి గీత కొట్టుకుంటున్నామన్నావు కదా. అండం విడుదలయ్యేది వచ్చే నెలసరికి సుమారు 14 రోజుల ముందు, పోయిన నెలసరి తర్వాత 14వ రోజున కాదు. చెల్లెమ్మకి 33, 34 రోజులకి వస్తుందంటే, అది 19, 20వ రోజు చుట్టూ పడుతుంది. మీరు నెలనెలా ఐదారు రోజులు ముందే మొదలుపెట్టి, అసలు రోజులకి అలిసిపోయి మానేస్తున్నారేమో. అండం బతికేది ఒక్కరోజే, వీర్యకణాలు లోపల ఐదు రోజుల దాకా ఉండగలవు. కాబట్టి ఆ రోజూ, ముందు ఐదు రోజులూ పనికొచ్చేవి. రోజు విడిచి రోజు కలిసినా చాలు. గడియారం పెట్టుకుని, అలారం కొట్టగానే పరీక్షకి కూర్చున్నట్టు ఉండనక్కర్లేదు. మేము అలా చేసి ఒకరి ముఖం ఒకరు చూసుకోలేని స్థితికి వచ్చాం.

"టెన్షన్ పడకండి, అదే వస్తుంది" అనేవాళ్ళ మాట చెల్లెమ్మ చెవిన పడనీయకు. నాకు ఒళ్ళు మండే మాట అది. ఐవీఎఫ్ చేయించుకున్న మూడున్నర వేలమంది ఆడవాళ్ళ లెక్కలు కలిపి 2011లో చూశారు. ముందు దిగులుగా, ఆందోళనగా ఉన్నవాళ్ళకి ఫలితం ఏమీ తగ్గలేదు. ఏడుపొస్తే ఏడవనీ. దానివల్ల గర్భం ఆగదు. ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరు జీవితంలో ఎప్పుడో ఒకప్పుడు ఈ బాధ పడుతున్నారని 2023లో ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పింది. మన ఆఫీసుల్లో, మన వీధుల్లో ఎంతమంది ఉంటారో, ఎవరూ నోరు విప్పరు. నేనూ నీకే చెప్పలేదు కదా.

ఈ వారంలో వెళ్ళిరా. చెల్లెమ్మ ఫైలు తీసి, పైన తన పేరు పక్కన నీ పేరు నీ చేత్తోనే రాయి. రిపోర్టు వచ్చాక మంచిదైనా కాకపోయినా ముందు తనకి చూపించు, నాలాగా మెట్ల మీద ఒక్కడివే కూర్చోకు. తనకి చూపించాక నాకు ఫోన్ చెయ్, ఎంత రాత్రయినా సరే, లేచే ఉంటాను. అవసరమైతే ల్యాబ్‌కి నేనూ వస్తా, బయట బెంచీ మీద కూర్చుంటా. ఈసారి ఫోన్ జేబులోనే పెట్టుకుంటా.

నీ
వాడే