తీర్పు అమలుకు ఫారం-1 నోటీసు దాకా ఆగాలా?

సంపాదకులకు నమస్కారం.

ఉత్తర్వు అమలు చేయనందుకు పెట్టిన కోర్టు ధిక్కరణ కేసులో ఫలానా అధికారి కోర్టు బోనెక్కాడని వార్త వస్తే మా పెన్షనర్లలో సంబరపడేవాళ్లున్నారు. నాకంత సంబరం లేదు. జిల్లా ఆఫీసులో కోర్టు కేసుల సెక్షన్ చూసి రిటైరైనవాణ్ణి. తీర్పు ఎక్కడ ఆగుతుందో దగ్గరుండి చూశాను.

హైకోర్టు ఉత్తర్వు చాలాసార్లు ‘అర్జీని ఆరు వారాల్లో చట్టప్రకారం పరిశీలించి నిర్ణయం తీసుకోండి’ అని వస్తుంది. అర్జీదారు కాపీ తెచ్చి ఆఫీసులో కాగితాలు తీసుకునే తపాలా సెక్షన్‌లో ఇచ్చి ముద్ర వేయించుకుంటాడు. కింది ఆఫీసు ‘క్లారిఫికేషన్’ అంటూ పైకి రాస్తుంది. పై ఆఫీసు జీపీ (ప్రభుత్వ న్యాయవాది) గారి అభిప్రాయం అడుగుతుంది. ఈలోగా గడువు దాటిపోతుంది. చివరికి ధిక్కరణ పిటిషన్ పడి, స్వయంగా హాజరు కమ్మని ఫారం-1 నోటీసు వచ్చిన రోజున ఆఫీసుకు ప్రాణం లేచొస్తుంది. రాత్రి ఎనిమిదైనా టైపిస్టు సీటు వదలడు. తెల్లారేసరికి ప్రొసీడింగ్స్ (ఆఫీసు ఉత్తర్వు) సిద్ధం: ‘పరిశీలించడమైనది, తిరస్కరించడమైనది’. పరిశీలించమన్నారు, పరిశీలించారు, కేసు మూత. ఆ మనిషి మళ్లీ వకీలు ఫీజు కట్టి హైకోర్టులో కొత్త రిట్ పిటిషన్ వేసుకోవాలి. అదీ కాకపోతే, ఆలస్యాన్ని మన్నించమంటూ అప్పుడు ఆ తీర్పు మీదే ఆఫీసువాళ్లు రిట్ అప్పీలు వేస్తారు! ఇక ధిక్కరణ జరిగిన ఏడాదిలోగా కోర్టుకెళ్లాలన్న నిబంధన ఉంది కదా, ‘వచ్చే నెల రండి’ అంటూ ఆ ఏడాది గడిపేయడం కొందరికి వెన్నతో పెట్టిన విద్య.

శిక్ష భయమా? 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టంలో ఆరు నెలల వరకు సాధారణ జైలు, రూ.2,000 వరకు జరిమానా. ఆ రెండు వేలు నేటికీ రెండు వేలే. క్షమాపణ చెబితే వదిలేయొచ్చు కూడా. బడుల ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలు తీసేయమన్న ఉత్తర్వు అమలు కాలేదని 2022 మార్చిలో ఏపీ హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు విధించింది. క్షమాపణ చెప్పాక అది నెలకో రోజు సంక్షేమ హాస్టళ్లలో సేవగా మారింది.

మా ఆఫీసుల వాళ్లను నిజంగా కదిలించింది గుంటూరు కేసు. హైకోర్టు ఆదేశాన్ని కాదని పేదల గుడిసెలు తొలగించిన తహసీల్దారు ఆనక డిప్యూటీ కలెక్టరయ్యారు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ను మళ్లీ తహసీల్దారుగా దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. జైలంటే స్టే తెచ్చుకోవచ్చనుకునేవాళ్లకు సీనియారిటీ పోతుందంటే ఒళ్లు జలదరించింది. గుడిసెలు పోయింది 2014లో అన్నది వేరే సంగతి.

అధికారుల్ని ఊరికే కోర్టుకు పిలిపించవద్దని 2024 జనవరిలో సుప్రీంకోర్టు విధివిధానాలు చెప్పింది. సబబే. అలాగైతే ప్రతి ఉత్తర్వుకూ గడువు తేదీ, బాధ్యుడైన అధికారి పేరు వేసి జిల్లా వెబ్‌సైట్‌లో పెట్టాలి. బదిలీ అయితే కొత్త అధికారికి బాధ్యతలు అప్పగించే ఛార్జి లిస్టులో ఆ ఉత్తర్వులూ చేరాలి. కోర్టు ఖర్చులు వేస్తే ఆఫీసు ఖర్చుల పద్దు (కంటింజెన్సీ) నుంచి కాకుండా సొంత జీతంలోంచి కట్టించాలి. ఫారం-1 దాకా వచ్చిన కేసుల్లో ఉత్తర్వు ఆఫీసుకు ఏ రోజు చేరిందని హైకోర్టు తొలి వాయిదాలోనే అడగాలి. తపాలా ముద్ర మీద ఆ తేదీ ఉంటుంది.

– ఒక విశ్రాంత సూపరింటెండెంట్, తెనాలి